నలుపు తెలుపుల మావయ్య

మా పెద్దమావయ్య పోయారు. పోయిన నెలలో ఒక సోమవారం పొద్దున, నేను విస్సన్నపేటలో మా బడికి వెళ్ళే బస్సులో ఉండగా అమ్మ ఫోన్ చేసింది. అమ్మ తనంతట తాను ఫోన్ చేయడం అరుదు. చూపు లేని మనిషి. ఒక్క మీట నొక్కితే నాకు వచ్చేటట్టు మావయ్యే పెట్టించారు. “అన్నయ్య పలకడం లేదే. చెయ్యి చల్లగా ఉంది. నువ్వు దిగి వచ్చెయ్” అంది. గొంతులో ఏడుపు లేదు. అందుకే నాకు వెంటనే అర్థమైంది. మధ్యలో దిగి, ఎదురొచ్చిన షేర్ ఆటో ఎక్కి తిరువూరు వచ్చేసరికి ఆవిడ ఆయన మంచం పక్కన కుర్చీలో కూర్చుని, ఆయన చెయ్యి తన ఒళ్ళో పెట్టుకుని ఉంది. తొంభై మూడేళ్ళ మనిషి. నిద్రలోనే వెళ్ళిపోయారు.

మర్నాడు పేపర్లో జిల్లా పేజీలో నాలుగు లైన్లు వేశారు, సినిమా పెయింటర్ మృతి అని. నేను తిరిగి బడికి వెళ్ళిన రోజు, ఆ వార్త చూసి మా స్టాఫ్‌రూమ్‌లో కొత్తగా వచ్చిన టీచరు, “మీ మావయ్యగారు పోస్టర్లు వేసేవారా మేడమ్?” అని అడిగింది. తప్పు ఆ అమ్మాయిది కాదు. ఆయన ఏం చేసేవారో మా ఊళ్ళోనే చాలామందికి తెలియదు. తెలిసినవాళ్ళు నలుగురైనా ఉండాలని ఇది రాస్తున్నాను.

సినిమాలో కథ ఎక్కడో ఒక చోట జరగాలి కదా. రాజుగారి కొలువు, రైతు ఇల్లు, వాన కురిసే వీధి, జైలు గది. ఆ చోటు కట్టే మనిషి మా మావయ్య. కళాదర్శకుడు అంటారు. తెర మీద ఆ పేరు వచ్చేటప్పటికి జనం ఇంకా సీట్లు వెతుక్కుంటూ ఉంటారని ఆయనే నవ్వేవారు.

మా తాతగారిది తిరువూరులో పత్తి వ్యాపారం. బేళ్ళ మీద అక్షరాలు, గుర్తులు వేసే పని పదిహేనేళ్ళప్పుడు మావయ్యకి అప్పగించారు. ఒకసారి ఊళ్ళోకి నాటకాల వాళ్ళు వచ్చారు. వాళ్ళ అడవి తెర వానకి తడిసి పాడైతే, మావయ్య వెళ్ళి రెండు రోజులు కూర్చుని దాన్ని మళ్ళీ రాసిచ్చారట. వాళ్ళ తెరలు రాసే పెద్దాయన చూసి, ఈ చెయ్యి బేళ్ళ మీద ఆగదని తాతగారితోనే చెప్పాడు. తాతగారు ఒప్పుకోలేదు. మావయ్య ఆ పెద్దాయనతో మద్రాసు వెళ్ళిపోయారు. ఏడాది పాటు ఇంట్లో ఆయన పేరు ఎత్తకూడదు. అప్పటికి అమ్మకి ఎనిమిదేళ్ళు. పెరట్లోకి వెళ్ళి అన్నయ్యా అని ఒకసారి గట్టిగా పిలిచి లోపలికి వచ్చేసేదట.

మద్రాసు స్టూడియోలో మొదటి రెండేళ్ళూ కుంచెలు కడిగారు. దాన్ని ఆయన ఎప్పుడూ కష్టంగా చెప్పలేదు. “కుంచె కడగడం వచ్చినవాడికి సగం రంగు వచ్చినట్టే” అనేవారు. తర్వాత తెరలు రాయడం, తర్వాత గోడలకి పూతలు, తర్వాత ఒక పెద్ద కళాదర్శకుడి దగ్గర సహాయకుడు. ముప్పై నిండకముందే సొంతంగా సినిమా దొరికింది.

ఆ మొదటి సినిమాలో ఆయన కట్టిన పేదవాడి ఇంటి గురించి మా ఇంట్లో అందరికీ తెలుసు. అది కట్టడానికి ముందు ఇక్కడికి వచ్చి, గంపలగూడెం వైపు పల్లెల్లో వారం రోజులు వంటిళ్ళు చూస్తూ తిరిగారు. పొగ ఎంత ఎత్తుదాకా పాకుతుందో, కుండలు పెట్టే చోట నేల ఎలా నున్నబడుతుందో చూసుకున్నారు. సెట్టు పూర్తయ్యాక దర్శకుడు వచ్చి చూస్తే, గడప పక్కన గోడ మీద నడుం ఎత్తులో జిడ్డు మరక ఒకటి ఉంది. అదేంటని అడిగాడు. ఈ ఇంటి ముసలావిడ లేచేటప్పుడు చెయ్యి ఆనించే చోటు అన్నారు మావయ్య. కథలో ముసలావిడ లేదు కదా అన్నాడు దర్శకుడు.

“పోయిందండి. ఇల్లు ఉండిపోయింది” అన్నారట మావయ్య.

ఆ మరకని తుడవలేదు. ఆ సినిమా నేను టీవీలో చూశాను. అందులో హీరో తల్లి కష్టం తట్టుకోలేక కూర్చుండిపోయినప్పుడు, ఆ నటి చెయ్యి సరిగ్గా అక్కడే ఆనింది. ఎవరూ చెప్పలేదట. చెయ్యి దానంతటది వెళ్ళిందట.

నాకు ఏడేళ్ళప్పుడు అమ్మ నన్ను మద్రాసు తీసుకెళ్ళింది. అంతఃపురం సెట్టు చూపిస్తానని మావయ్య స్టూడియో ఫ్లోరు మీదకి తీసుకెళ్ళారు. నేను పాలరాయి, బంగారం ఊహించుకుని వెళ్ళాను. అక్కడ స్తంభాలు నాచు పట్టినట్టు ఆకుపచ్చగా, గోడలు పాత ఇటుకల రంగులో, సింహాసనం ఏదో వెలిసిపోయిన గులాబీ రంగులో ఉన్నాయి. వెనక్కి వెళ్తే కర్రలు, గోనెలు, మేకులు. నాకు ఏడుపొచ్చింది. మావయ్య జేబులోంచి చిన్న రంగు అద్దం తీసి నా కంటి ముందు పెట్టారు. రంగులన్నీ పోయాయి. ఆకుపచ్చ స్తంభాలు వెన్నెల్లో పాలరాతిలా తేలాయి. గులాబీ సింహాసనం వెండిలా మెరిసింది.

“నలుపు తెలుపు సినిమాకి రంగుతో పనిలేదే కోడలా. ఏది ఎంత చీకటి, ఏది ఎంత వెలుగు, అంతే. అచ్చం తెలుపు వేస్తే కెమెరాకి కళ్ళు బైర్లు కమ్ముతాయి. అందుకని ఆకుపచ్చ” అన్నారు.

నాకు అప్పుడు సగమే అర్థమైంది. మిగతా సగం అర్థం కావడానికి ముప్పై ఏళ్ళకి పైగా పట్టింది.

షూటింగు అయిపోయాక సెట్టు కూల్చేస్తారు. ఆ చోటు ఇంకో సినిమాకి కావాలి. కూల్చే రోజు మావయ్య తప్పకుండా వెళ్ళేవారని, మేకులు పీకేవాళ్ళతో కలిసి టీ తాగి వచ్చేవారని మా అత్తయ్య చెప్పేది. నీకు బాధనిపించదా అన్నయ్యా అని అమ్మ ఒకసారి అడిగింది. “ఉండటానికి కట్టలేదుగా. చూడటానికి కట్టాం. చూశారు” అన్నారు.

ఆయన కోపిష్టి కూడా. పెళ్ళికి వెళ్ళి, మండపం బాగుందా అని అడిగినవాళ్ళకి ఉన్నమాట చెప్పేసేవారు. ఎవరింటికి వెళ్ళినా వంకరగా ఉన్న కేలండరు సరిచేసిగానీ కూర్చునేవారు కాదు. ఒక మేనత్త దానికి నొచ్చుకుని రెండేళ్ళు మాట్లాడలేదు. అయితే పనివాళ్ళ మీద మాత్రం ఆయన గొంతు లేవగా ఎవరూ వినలేదు. దాని వెనక ఒక సంగతి ఉంది. అది ఆయన నాకు ఒక్కసారే చెప్పారు.

గంపలగూడెం నుంచి ఒక వడ్రంగిని ఆయనే మద్రాసు తీసుకెళ్ళారు. ఇద్దరిదీ ఒకే ఈడు. మావయ్య కాగితం మీద గీసింది అతను చెక్కలో చూసేవాడట. ఒక సినిమాకి రెండంతస్తుల మేడ వరండా కట్టారు. షూటింగు మర్నాడనుకున్నది, నటుడి వీలు కోసం ఆ రోజుకే మార్చారు. సెట్టు సిద్ధమా అని నిర్మాత మనిషి వచ్చి అడిగాడు. మావయ్య కింద నిలబడి చూసి, సిద్ధమే అన్నారు. వెనక ఆసరా కర్రలు రెండు ఇంకా బిగించలేదు. కెమెరాకి కనపడేదంతా పూర్తయింది. పిట్టగోడ దగ్గర ఒక మేకు పైకి లేచి ఉందని, దాన్ని కొట్టడానికి వడ్రంగి పైకి ఎక్కాడు. వరండా అతనితో సహా కిందికి వచ్చేసింది. తుంటి ఎముక విరిగింది. ప్రాణం దక్కింది గానీ, ఇక నిచ్చెన ఎక్కే పని చేయలేడన్నారు డాక్టర్లు.

మావయ్య ఇరవై రోజులు ఆసుపత్రిలో అతని పక్కనే ఉన్నారు. తర్వాత రైలెక్కి, బస్సెక్కి గంపలగూడెం వెళ్ళారు, అతని భార్యకి తనే చెప్పాలని. జరిగింది జరిగినట్టు చెప్పారు. ఆవిడ అంతా విని ఒక్కటే అడిగిందట.

“తమరు ఎక్కి చూశారా అండి?”

లేదమ్మా అన్నారు మావయ్య. ఆవిడ లోపలికి వెళ్ళి మంచినీళ్ళు తెచ్చి ఇచ్చింది. ఆ నీళ్ళు తాగడం తన జీవితంలో అన్నిటికన్నా కష్టమైన పని అని మావయ్య నాతో అన్నారు. తిట్టి ఉంటే ఎప్పుడో మర్చిపోయేవాణ్ణి అని కూడా అన్నారు.

ఆ తర్వాత ఆయన కట్టిన ప్రతి సెట్టు మీదకి ముందు ఆయనే ఎక్కేవారు. మెట్లుంటే ప్రతి మెట్టు మీదా, మేడ ఉంటే నాలుగు మూలలా మూడేసిసార్లు గెంతేవారు. కళాదర్శకుడు పంచె ఎగ్గట్టి గెంతుతుంటే నటులు నవ్వేవారట. కొన్నాళ్ళకి, ఆయన గెంతారా లేదా అని అడిగిగానీ వాళ్ళూ ఎక్కేవారు కాదు. ఆ వడ్రంగి ఊరికి వెళ్ళిపోతానంటే మావయ్య వెళ్ళనివ్వలేదు. సెట్టు కట్టే ముందు దాన్ని చిన్నగా అట్టతో, చెక్కతో చేసి దర్శకుడికి చూపించే పని ఉంటుంది. కూర్చుని చేసే పని. అది అతనికి అప్పగించారు. పదేళ్ళు తిరిగేసరికి అరచేతిలో పట్టే కోటలు చెయ్యాలంటే అతనే చెయ్యాలని మిగతా కళాదర్శకులు కూడా అతని దగ్గరికి వచ్చేవారు. భార్యని కూడా మద్రాసు తెచ్చుకున్నాడు. ఆవిడ మా అత్తయ్యకి మంచి స్నేహితురాలైంది. కానీ వాళ్ళింట్లో ఎప్పుడు మంచినీళ్ళు పుచ్చుకున్నా మావయ్య నిలబడే తాగేవారని అత్తయ్య అనేది.

తర్వాత రంగుల సినిమాలొచ్చాయి. మావయ్య వాటికీ పనిచేశారు, బాగానే చేశారు. కానీ కెమెరాలు బయటికి వెళ్ళిపోయాయి. నిజం ఇళ్ళల్లో, నిజం వీధుల్లో షూటింగులు మొదలయ్యాయి. నిజం ఇల్లు దొరుకుతుంటే కట్టిన ఇల్లెందుకు? ఆయన ఎవరినీ నిందించలేదు. ఏడాదికి ఆరు సినిమాలు చేసిన మనిషికి రెండేళ్ళకి ఒకటి దొరికింది. ఆయన పనిచేసిన ఫ్లోరుని గోడౌను చేశారు. అత్తయ్య జబ్బు చేసి పోయింది. పిల్లలు లేరు. యాభై అయిదేళ్ళ వయసులో రెండు ట్రంకుపెట్టెలతో మద్రాసు నుంచి విజయవాడ, అక్కణ్ణుంచి తిరువూరు వచ్చారు. అమ్మ మా డాబా మీద గది ఖాళీ చేయించి ఉంచింది. ఎన్నాళ్ళుంటావు అని నాన్నగారు గానీ, అమ్మ గానీ అడగలేదు. ఆయనా చెప్పలేదు. నలభై ఏళ్ళకి రెండు తక్కువ ఉన్నారు.

ఆ మొదటి సంవత్సరాలు ఆయనకి బాగా గడవలేదు. పొద్దున్నే బస్టాండు దాకా నడిచి, పేపరు కొనుక్కుని, వచ్చి గదిలో కూర్చునేవారు. మా బడి వార్షికోత్సవానికి తెర రాయమంటే రాశారు. పొగడబోతే వినలేదు. నా పని అయిపోయిందే కోడలా అన్నారు. ఆ మాటని చాలా మామూలుగా అన్నారు.

అమ్మకి అరవై దాటాక కళ్ళు మందగించాయి. నీటికాసులు అన్నారు విజయవాడ డాక్టరు. పోయిన చూపు తిరిగి రాదు, ఉన్నదాన్ని చుక్కల మందుతో కొంతకాలం నిలబెట్టుకోవచ్చు అన్నారు. అప్పటికి నాన్నగారు పోయారు. నేనూ మా ఆయనా అమ్మతోనే ఉంటున్నాం. ఒకరోజు అమ్మ అన్నం వార్చి, గంజి గిన్నె పట్టుకుని పెరట్లోకి వెళ్తూ వంటింటి మెట్టు దగ్గర పడిపోయింది. చెయ్యి కాలింది. మర్నాటి నుంచి వంటింట్లోకి రావడం మానేసింది. అలగలేదు. మంచం మీద గోడకి ఆనుకుని కూర్చునేది. జీవితమంతా పదిమందికి వండిన మనిషి, నేను కంచం తెచ్చి ఒళ్ళో పెడితే తలొంచుకుని తినేది. ఆ తలొంచుకోవడం నేను చూడలేకపోయేదాన్ని.

మావయ్య రెండు రోజులు చూశారు. మూడో రోజు మధ్యాహ్నం కిందికి దిగి వచ్చి అమ్మ ఎదురుగా కుర్చీ వేసుకున్నారు. నేను పక్కనే ఉన్నాను.

“ఏం కనపడుతోంది నీకు?” అని అడిగారు.

“ఏముంది అన్నయ్యా. అంతా గంజినీళ్ళలా ఉంది.”

ఆయన లేచి సున్నం గోడ ముందు చెయ్యి పెట్టారు. ఆయనది నల్లటి చెయ్యి. “ఇప్పుడు?” అంటే, చెయ్యి కనపడుతోందంది అమ్మ. అదే చెయ్యి టేకు తలుపు ముందు పెట్టారు. ఏమీ లేదంది. తెల్ల తువ్వాలు తలుపు మీద వేశారు. తువ్వాలంది. అలా ఇల్లంతా తిప్పి గంటసేపు అడిగారు. చివరికి వచ్చి మళ్ళీ కూర్చున్నారు.

“నీకు చూపు పోలేదమ్మాయ్. రంగు పోయింది. రంగు లేకుండా నేను పాతికేళ్ళు బతికాను. నువ్వూ బతకొచ్చు.”

డెబ్బై ఏళ్ళ మనిషి, మర్నాడు పొద్దున్నే పంచె ఎగ్గట్టి, మాసిన చొక్కా వేసుకుని కుంచెలతో దిగారు. ప్రతి మెట్టు అంచునా నాలుగు వేళ్ళ వెడల్పున నల్లరంగు. తలుపుల చట్రాలకి తెలుపు. స్విచ్చుబోర్డుల చుట్టూ నల్ల చతురస్రాలు. వంటగట్టు సగం నల్లరాయి, సగం తెల్లటి పలకలు. బియ్యం, పెసరపప్పు నల్ల వైపు పోసుకోవాలి, మినుములు, ఆవాలు తెల్ల వైపు. అన్నానికి ముదురు రంగు కంచం, కాఫీకి తెల్ల కప్పు, పాలకి నల్ల కప్పు. వారం తిరిగేసరికి మా ఇల్లు ఊళ్ళో వింత అయింది. మా ఆయన నెమ్మదస్తుడే, ఆయన కూడా ఉండబట్టలేక, ఇది ఇల్లా రైల్వే గేటా అన్నారు. మావయ్య నవ్వలేదు. “నీకు కనపడటానికి కాదు నాయనా ఇది” అన్నారు.

ఒక తప్పు కూడా చేశారు. అమ్మ కాలు జారకుండా గుమ్మంలో నల్లటి పట్టా పరిచారు. అమ్మ దాని దాకా వచ్చి ఆగిపోయింది. ఎంత చెప్పినా అడుగు వెయ్యలేదు. అక్కడ గొయ్యి ఉందంది. మావయ్య ఆ పట్టా వంక చూస్తూ నిలబడిపోయారు. సినిమాల్లో బావి చూపించాలంటే ఆయన నేల మీద నల్లగుడ్డే పరిచేవారట. నాకు తెలిసుండాల్సిందే అని, దాన్ని చుట్టి పారేసి, నేల రంగులోనే ఉన్నది వెతికి తెచ్చారు.

ఆ వారంలోనే డాబా మెట్లకి పట్టుకునే కమ్మీ బిగించారు. పనివాళ్ళు వెళ్ళాక మావయ్య కింది మెట్టు మీద నిలబడి మూడుసార్లు గెంతారు. రెండో మెట్టు ఎక్కి మళ్ళీ గెంతారు. పడతావు మావయ్యా, సిమెంటు మెట్లు అవి, ఎందుకిదంతా అని నేను చెయ్యి పట్టుకుంటే, అక్కడే కూర్చుని వడ్రంగి సంగతి, అతని భార్య అడిగిన మాట, ఆ మంచినీళ్ళ సంగతి చెప్పారు. చెప్పడం అయ్యాక లేచి మిగతా మెట్లన్నీ గెంతుకుంటూ పైదాకా వెళ్ళారు. నేను ఆపలేదు.

పది రోజులకి అమ్మ తనంతట తాను వంటింట్లోకి వెళ్ళింది. ఎవరినీ పిలవలేదు. పోపు వాసన వచ్చి వెళ్ళి చూస్తే పప్పుచారు మరుగుతోంది. మావయ్యకి చెప్పడానికి నేను పైకి పరిగెత్తాను. ఆయన అప్పటికే తలుపు దగ్గర నిలబడి ఉన్నారు. వాసన పైకి వచ్చిందన్నారు. ఆ పూట మూడుసార్లు పప్పుచారు పోయించుకున్నారు.

ఆ తర్వాత ఆయన నోట పని అయిపోయిందన్న మాట నేను వినలేదు. మా పక్కవీధిలో షుగరుతో చూపు తగ్గిన షావుకారుగారు కబురు పెడితే వెళ్ళి వాళ్ళ కొట్టుకీ ఇంటికీ అలాగే చేసి వచ్చారు. మా బడిలో చూపు మందమైన అమ్మాయి ఒకతి ఉండేది. ఆ పిల్ల కోసం విస్సన్నపేట వచ్చి బడి మెట్ల అంచులు స్వయంగా రాశారు. ఆ పిల్ల బోర్డు దగ్గరికి వెళ్ళి తడుముకోకుండా తిరిగొచ్చి బెంచీలో కూర్చుంటే, ఆయన కిటికీ బయట నిలబడి చూశారు.

పదిహేనేళ్ళ పాటు అమ్మకి ఆ నలుపూ తెలుపూ సరిపోయాయి. తర్వాత అవీ పోయాయి. కానీ అప్పటికి ఆవిడ పాదాలకి ఇల్లంతా తెలుసు. మధ్యాహ్నాలు టీవీలో పాత సినిమా వస్తే అన్నాచెల్లెళ్ళు పక్కపక్కన కూర్చునేవారు. పాటలు అమ్మ వినేది. మావయ్య చెప్పేవి నటుల గురించి కాదు. “ఆ గోడ ఇంకా ఆరలేదు. ఆవిడ ఆనుకుంటుందేమోనని భయపడి చచ్చాను. ఇదుగో, ఇప్పుడు తలుపు తీస్తుంది చూడు, ఆ తలుపు అవతల ఏమీ లేదు, మా వడ్రంగి కూర్చుని బీడీ కాలుస్తున్నాడు.” అమ్మ నోటికి కొంగు అడ్డం పెట్టుకుని నవ్వేది.

ఆయన్ని తీసుకెళ్ళిన రోజు సంగతి చెప్పి ముగిస్తాను. డాబా మెట్లు ఇరుకు. మధ్యలో ఒక మలుపు. మోసేవాళ్ళు నలుగురూ పైన ఆగి, ఎలా దించాలా అని తర్జనభర్జన పడుతున్నారు. కింద ఆడవాళ్ళ మధ్య కూర్చున్న అమ్మ లేచి, ఎవరి చెయ్యీ పట్టుకోకుండా మెట్ల మొదటికి వచ్చింది. గోడకి అరచెయ్యి ఆనించి, తల పైకెత్తి వాళ్ళతో మాట్లాడింది. ముందున్నవాళ్ళు ఎడం వైపుకి ఒరగండి అంది. నాలుగు మెట్లు దిగాక తల వంచండి, పైన దూలం కిందికి ఉంటుంది అంది. మలుపు దగ్గర వెనకవాళ్ళు ఆగండి, ముందువాళ్ళు తిరగనివ్వండి అంది. ఆవిడ చెప్పినట్టే వాళ్ళు ఒక్కొక్క అడుగూ వేశారు. ఎక్కడా ఏదీ తగలలేదు. పాడె ఆవిడ పక్కనుంచి వెళ్తున్నప్పుడు వెదురు అంచు చీరకి రాసుకుంది. అమ్మ ఒక అడుగు వెనక్కి వేసి దారి ఇచ్చింది.

“ఇంకొక్కటే మెట్టు, నాయనా” అంది వాళ్ళతో. “నెమ్మదిగా.”

వాళ్ళు వీధిలోకి వెళ్ళారు. డప్పుల చప్పుడు బస్టాండు వైపు తిరిగి, సన్నబడి, వినపడీ వినపడకుండా అయ్యేదాకా అమ్మ ఎండలో అటే ముఖం పెట్టి నిలబడింది.